గెనం మీది గాయపాకు

కాలిఫోర్నియాలో కాపురముంటున్న మా మేనకోడలు మొన్నటి వసంతంలో మాకొక ఫోటో పంపినది. సెలవులకు సకుటుంబంగా మొహావీ ఎడారి చూడబోయినారట. ఎడారిని చూడబోవడమేమిటని మేమూ అనుకున్నాము గాని, చలికాలంలో వాన సరిగా పడిన ఏడు అక్కడి ఇసుకనేల పూలతో నిండిపోతుందట. ఆ కొద్ది వారాల వేడుక కోసం జనం కార్లు కట్టుకుని పోతారట. ఫోటోలో మాత్రం పూల తివాచీ ఏదీ లేదు. ఉన్నది ఒక్కటే మొక్క. రెండంగుళాల ఎత్తుకు మించదు. గోరంత పసుపుపచ్చ పువ్వు, దాని క్రింద ఆకులకు దూది అంటించినట్లు తెల్లని నూగు. అక్కడివారు దానిని ఉన్ని డైసీ అంటారు. శాస్త్రజ్ఞులు పెట్టిన పేరు ఎరియోఫిల్లం, అనగా గ్రీకు భాషలో ఉన్ని ఆకు. ఇసుకలో బోర్లా పడుకుంటే గాని కనబడని ఇటువంటి బుల్లి పూలన్నిటికీ కలిపి అమెరికనులు ‘పొట్ట పూలు’ అని ముద్దుపేరు పెట్టుకున్నారు. మా పిల్ల కూడా పొట్ట మీద పడుకునే ఫోటో తీసినది కాబోలు, అంచున ఇసుక రేణువులు గులకరాళ్ళంత పెద్దవిగా పడినాయి.

ఫోటో క్రింద రెండు వాక్యాలు వ్రాసినది. “అత్తా, మన తోట గెనం మీద అచ్చం ఇట్లా నూగుండే చిన్న పూవు ఒకటి ఉండేది గదా! పేరు ఎంత తలచుకున్నా గుర్తు రావడం లేదు.”

పేరు మాకు గుర్తున్నది. వెంటనే వ్రాసి పంపినాము కూడాను. కాని ఆ పిల్ల పుట్టి పెరిగినది హోసూరులో. ఆ తోటలో ఆడని ఆట లేదు, ఎక్కని మామిడిచెట్టు లేదు. అటువంటిదానికి ఆ పేరు మరుపుకు వచ్చినదంటే మాకు మనసు చివుక్కుమన్నది. దానికి తోడు, అంతకు ముందరి దసరాకు మా యింట ఇదే పేరు తెలియక చిన్న ప్రమాదం జరిగి ఉన్నది. ఆ సంగతి ముందుకు చెబుతాము. మొదట పువ్వును పరిచయం చేయనీయండి, అది పాఠకులందరికీ పాత చుట్టమే అయినా సరే.

గడ్డిచేమంతి అంటే ఎక్కువమంది పోల్చుకుంటారు. మా యింట మాత్రం గాయపాకు అనే వాడుక. హోసూరు నుండి కృష్ణగిరి దాకా, డెంకణికోట, రాయకోట, శూలగిరి, వేపనపల్లి ఏ దారిన పోయినా రోడ్డు పక్క కంకరలోనూ, రాగిచేని గెనాల మీదా, రైలుకట్ట వాలులోనూ, పాడుబడిన గోడ పగుళ్ళలోనూ ఉంటుంది. నేలబారుగా పాకుతుంది. పాకిన కాడ ఎక్కడ మట్టిని తాకితే అక్కడ కణుపు దగ్గర వేరు దించుతుంది. ఆకులు జంటజంటలుగా, అంచున రంపపు పళ్ళతో, ముట్టుకుంటే గరుకుగా ఉంటాయి. మొక్కంతా నేలను కరచుకుని ఉన్నా పువ్వుకు మాత్రం గర్వమెక్కువ. జానెడు సన్నని కాడ నిటారుగా లేచి, దాని కొనన ఒక్కటంటే ఒక్కటే పువ్వు. మధ్య పసుపుపచ్చని బొడ్డు, చుట్టూ వెన్నరంగు రేకులు సాధారణంగా అయిదు, ప్రతి రేకు కొననా మూడేసి పళ్ళు. లిన్నేయసు పండితుడు 1753లో దీనికి ట్రైడాక్స్ ప్రొకంబెన్స్ అని పేరు పెట్టినాడు. ఇందులో ప్రొకంబెన్స్ అంటే సాగిలపడినది అని అర్థం.

అమెరికా ఎడారి పువ్వూ ఇదీ ఒకటి కావు. చేమంతి, బంతి, పొద్దుతిరుగుడు, గుంటగలగర, సహదేవి అన్నీ చేరిన మహా కుటుంబం ఒకటి ఉన్నది. అందులో ఇవి రెండూ దాయాదులు, అంతే. ఆ కుటుంబం ముచ్చట మన ఆడవారికి బాగా నచ్చుతుంది. మనం ఒక పువ్వు అనుకునేది ఒక పువ్వు కాదు. అది ఉమ్మడి సంసారం. మధ్యనున్న పసుపు బొడ్డును గోటితో విప్పి చూస్తే సన్నని గొట్టాల వంటి పూలు పదుల కొద్దీ ఒత్తుకుని ఉంటాయి. చుట్టూ రేకులనుకునేవి కూడా ఒక్కొక్కటి ఒక్కొక్క పువ్వే. గడ్డిచేమంతిలో ఈ అంచు పూలన్నీ ఆడపూలు, లోపలివి ఉభయలింగాలు. వాకిట నిలిచి దారిన పోయే తుమ్మెదను రమ్మని పిలిచేది ఆడవారు, లోపల కూర్చుని విందు నడిపేది తక్కినవారు! పొద్దున ఎండ పొడ తగలగానే గోటిగింజంత నీలి సీతాకోకచిలుకలు, పసుపువి, ఈ పువ్వు నుండి ఆ పువ్వుకు ఎగురుతూ ఉంటాయి. పెద్ద తోటలలోని డాంబికపు పూలకన్న ఈ బీదదాని వాకిటనే వాటికి తిండి నిలకడగా దొరుకుతుంది, ఏలనంటే ఇది ఏడాది పొడవునా పూస్తుంది.

ఇక నూగు సంగతి. ఎడారి పువ్వుకు అది ఉన్ని శాలువ వంటిది. మనవాళ్ళు చలికి కప్పుకుంటారు, అది ఎండకు కప్పుకుంటుంది. తెల్లని నూగు ఎండను తిప్పికొడుతుంది. ఆకు మీదుగా పోయే వడగాలిని నూగులో చిక్కబట్టి తేమ ఆవిరి కాకుండా కాపాడుతుంది. చిన్న పురుగులకు నడక కష్టం చేస్తుంది. మన గడ్డిచేమంతికి అంత దట్టమైన ఉన్ని లేదు. హోసూరు సముద్రమట్టానికి సుమారు మూడువేల అడుగుల ఎత్తున ఉండి చల్లగా ఉంటుంది, కృష్ణగిరి దిగితే ఎండ మాడుస్తుంది గాని అదీ ఎడారి కాదు. అయినా వేసవిలో గెనం మీద గరిక సైతం ఎండి చీపురుపుల్ల అయినప్పుడు ఈ గరుకు నూగు మొక్క ఒక్కటే నాలుగు పచ్చని ఆకులతో నిలిచి ఉండడం మేము ఎన్నో ఏళ్ళుగా చూస్తున్నాము. గింజకు కూడా ఈకల వంటి నూగు కిరీటం ఉంటుంది. ఒక్క మొక్క వెయ్యికి పైగా గింజలు గాలికి వదలగలదు.

ఇంతకూ ఇది మన దేశపు మొక్క కాదు. మెక్సికో, దాని దిగువనున్న ఉష్ణదేశాలు దీని పుట్టినిల్లు. ఆశ్చర్యపడకండి. మన గుమ్మానికి దసరానాడు దండ కట్టే బంతి కూడా మెక్సికో నుండి వచ్చినదే. రాయకోట సంతలో గంపలకెత్తే టమాటా, వేపుడులోని మిరపకాయ, అన్నీ ఆ అమెరికా ఖండం నుండి ఓడలెక్కి వచ్చినవే. ఒకే దేశం నుండి వచ్చిన అక్కచెల్లెళ్ళలో బంతి గుమ్మమెక్కినది, గడ్డిచేమంతి కాళ్ళ క్రింద పడినది. ఇంకొక వింత యేమంటే, అమెరికా ప్రభుత్వం వారు గడ్డిచేమంతిని హానికరమైన కలుపుమొక్కల జాబితాలో పెట్టినారు. ఎడారిలో ఉన్ని డైసీ కోసం బోర్లా పడుకునే ఆ దేశంలో, దాని చుట్టమైన మన పువ్వు గింజ ఒకటి సంచిలో కనబడితే సుంకపువారు పట్టుకుంటారు. మేనకోడలు “రెండు గింజలు పంపకూడదా” అని అడిగినందుకు మేము వెదికి తెలుసుకున్న సంగతి ఇది.

ఇంకొక దాయాదిని కూడా చెప్పి తీరాలి. తళి, కెలమంగలం, బాగలూరు వైపు పోతే తెల్లని ప్లాస్టిక్ కప్పిన పాలీహౌసులు కనబడతాయి గదా. వాటిలో పెంచే జెర్బెరా పువ్వు దక్షిణాఫ్రికాది. దాని కాడకూ, ఆకు అడుగుకూ నూగుంటుంది. పెళ్ళిపందిళ్ళకు లారీల మీద బెంగుళూరు పోతుంది. మంచి పువ్వే, ఎందరికో కూడు పెడుతున్నది, మాకు దాని మీద కోపం లేదు. కాని దానిని తెలుగువారూ జెర్బెరా అనే అంటారు, తమిళులూ జెర్బెరా అనే, కన్నడిగులూ జెర్బెరా అనే. అది ధరతో వచ్చినది, పేరును కూడా ధరతో పాటే తెచ్చుకున్నది. గెనం మీది గడ్డిచేమంతి మాత్రం వట్టి చేతులతో వచ్చినది. దానికి పేరు మనవాళ్ళు పెట్టుకోవలసి వచ్చినది.

ఎన్ని పేర్లు పెట్టినారో చూడండి. చేమంతిలా ఉన్నది గనుక గడ్డిచేమంతి. తెగిన చోట పిండితే నెత్తురు నిలుస్తుంది గనుక గాయపాకు. పిల్లలు కాడను వ్రేళ్ళ సందున పట్టుకుని బొటనవ్రేలితో మీటితే పువ్వు తల ఎగిరి అంత దూరాన పడుతుంది, అందుచేత రావణాసురుడి తలకాయ. మా చిన్ననాట బడికి పోయే దారిలో ఈ ఆకు గుప్పెడు కోసుకుని పలక మీద రుద్దేవారము. గరుకు నూగూ, ఆకు పసరూ కలిసి పలక నిగనిగలాడేది. అందుచేత పలకాకు. పక్కవీధి తమిళుల పిల్లలు అదే తల ఎగురగొట్టే ఆటను రావణుడితో గాక తాతతో ఆడేవారు, వారికది తాత్తా పూ. వారి పెద్దలు మాత్రం వెట్టుక్కాయ పూండు అంటారు. తెగిన గాయపు మొక్క అని దాని అర్థం, మన గాయపాకు మాటే. కన్నడం వారు గబ్బు సేవంతి అంటారు. మూడు భాషల సరిహద్దులో పుట్టినందుకు మాకు పువ్వు ఒకటైనా పేర్లకు కొదవ లేకపోయినది. తాత తల ఎగురగొట్టడం తప్పు గదా, రావణుడిదయితే పుణ్యం గదా అని మేము తమిళ పిల్లలతో వాదులాడేవారము. ఆ వాదం ఏనాడూ తెగలేదు.

ఇప్పుడు దసరా సంగతి. కెలమంగలం దారిలో మాకున్న చిన్న తోటకు అందరము పోయినాము. మా అత్తగారికి ఎనభై మూడు నిండినాయి. చూపు ఆనదు గాని నోరు గట్టిది. బెంగుళూరులో చదువుకునే మనవడు పదేళ్ళవాడు మామిడిచెట్ల క్రింద పరుగెత్తుతూ రాయి తగిలి కాలి బొటనవ్రేలు చీల్చుకున్నాడు. నెత్తురు చూసి ఏడుపు లంకించుకున్నాడు. ఆవిడ మంచం మీది నుండే, “ఏమీ కాలేదు నాయనా, ఏడవద్దు. గెనం మీద గాయపాకుంటాది, నాలుగు ఆకులు తుంచుకోని రా పో” అన్నారు.

“ఎట్లుంటాది అవ్వా?”

“చిన్న పూవు ఉంటాది చూడు, తెల్లగా. గెనం నిండా అదే.”

వాడు కుంటుకుంటూ పోయి గుప్పెడు ఆకు తెచ్చి ఇచ్చినాడు. తెలివిగలవాడు, చెప్పిన గుర్తు ప్రకారమే తెచ్చినాడు, తెల్లని చిన్న పూలు ఉండనే ఉన్నాయి. ఆవిడ చూపు లేక అరచేతుల నడుమ వేసి గట్టిగా నలిపినారు. వాసన తేడాగా ఉన్నదని ముక్కు దగ్గర పెట్టుకుని, “ఇదేందిరా ఇది!” అని విసిరి పారేసినారు. వాడి వ్రేలికి తగలలేదు, అది మన అదృష్టం. తెచ్చినది వయ్యారిభామ. మరునాటికి ఆవిడ అరచేతులు, మణికట్లు ఎర్రగా పొక్కి దురద పట్టినాయి. నాలుగోనాటికి ముఖానికి కూడా ఎక్కింది. డాక్టరు చూసి మందు వ్రాసి, ఆ మొక్క ఉన్న చోటికే పోవద్దని చెప్పినారు. మానడానికి మూడు వారాలు పట్టినది. వయ్యారిభామ ఒక్కసారి తాకితే అందరికీ పొక్కదు. ఏళ్ళ తరబడి పొలంలో తగిలి తగిలి కొందరి వొంటికి అది పడకుండా పోతుంది. మా అత్తగారు జీవితమంతా కలుపు తీసినవారు. మూడు వారాలూ మనవడు ఫోను చేసి, “అవ్వా, చేతులు తగ్గినాయా?” అని అడుగుతూనే ఉన్నాడు. ఆవిడ ఒక్కనాడూ వాణ్ణి తప్పుబట్టలేదు. “వానికి ఎవురు చూపించినారు?” అని మా వైపు తిరిగి అడిగినారు. మేము బదులు చెప్పలేకపోయినాము.

వయ్యారిభామ కూడా అదే చేమంతి కుటుంబం, అదే మెక్సికో వైపు పుట్టుక. కాంగ్రెసు గడ్డి అని కూడా అంటారు. 1950లలో పూనా పరిసరాలలో కనుగొన్న తరువాత దేశమంతా అల్లుకుపోయినది. ఓడలలో వచ్చిన గోధుమలతో కలిసి వచ్చినదని లోకం చెప్పుకుంటుంది. పశువు దానిని ముట్టదు, ఆకలికి ముట్టినా పాలు చేదెక్కుతాయి. దానిని తినే పెంకుపురుగును మెక్సికో నుండే తెప్పించి 1984లో మన పొరుగున బెంగుళూరులో విడిచిపెట్టినారు. పసుపు రెక్కల మీద నల్లని మెలికల గీతలుండే చిన్న పురుగు. వానాకాలంలో హోసూరు వైపు కూడా ఆ మొక్క మీద ఆకులు జల్లెడ చేస్తూ కనబడుతుంది. కనబడితే చంపవద్దని మా మనవి. ఎండాకాలం అది మట్టిలో దూరి నిద్రపోతుంది, అప్పుడు మొక్క మళ్ళీ తల ఎత్తుతుంది.

రెండింటినీ పోల్చుకోవడం ఏమంత కష్టం కాదు. వయ్యారిభామ నిటారుగా నడుమెత్తు పెరుగుతుంది, ఆకులు క్యారెట్ ఆకులా చీలికలు చీలికలు, పూలు ఆవగింజలు చల్లినట్లు గుత్తులు గుత్తులుగా తెల్లనివి. గాయపాకు పాకుతుంది, ఆకు చీలదు, జానెడు కాడకు ఒక్కటే పువ్వు, బొడ్డు పసుపు. ఇంత చిన్న సంగతి అక్షరాలలో వ్రాయడానికి నాలుగు వాక్యాలు పట్టినది. గెనం మీద నిలబెట్టి వ్రేలితో చూపితే చిటికె పని.

మందు సంగతి కూడా దాచకుండా చెబుతాము, ఆకు మీది ప్రేమతో అబద్ధం చెప్పకూడదు. దీని పసరు నెత్తురును నిలపడం మేము కళ్ళారా చూసినదే. మన దేశపు ప్రయోగశాలలలో ఎలుకల మీద పరీక్షించి, పుండు మానడానికి తోడ్పడుతుందని పండితులు వ్రాసినారు. అయితే ఎలుక వేరు, మనుమడు వేరు. మట్టిలో, పేడలో ధనుర్వాతపు క్రిములు ఉంటాయి, ఆకుకు అంటిన మట్టి కూడా మట్టే. గీరుకుపోయిన చోట శుభ్రంగా కడిగి పిండుకుంటే పిండుకోండి. లోతుగా తెగినా, తుప్పు ఇనుము గుచ్చుకున్నా, ఆకు కోసం గెనం మీదికి పోక సూది మందుకు పొండి. మనవడి వ్రేలు చివరికి సబ్బునీళ్ళతోనే మానినది. సూది వేసిన కాలం పుస్తకం చూసి నిశ్చింతపడినాము.

ఒక సంగతి మాకు ఎప్పుడూ ఆశ్చర్యం కలిగిస్తుంది. పెద్దల వైద్యమంటే చరకుడు, సుశ్రుతుడు అంటాము. ఈ మొక్క అమెరికా నుండి వచ్చినది గనుక వారికి తెలిసే దారి లేదు. దీని గుణం కనిపెట్టినది ఏ గ్రంథమూ కాదు. కొడవలి తెగిన ఏ కోతకూలీయో, పశువులకాపరియో, చేతికందిన ఆకు పిండి చూసి, ఇంటికి వచ్చి చెప్పి ఉంటారు. ఆ చెప్పినది తెలుగులో గాయపాకు అయినది, తమిళంలో వెట్టుక్కాయ పూండు అయినది. కొద్ది తరాలలో సంపాదించిన తెలివి ఇది. మా మేనకోడలి తరానికి పేరు నాలుక చివర ఉండి రాలేదు. మనవడి తరానికి నాలుక మీదికే చేరలేదు.

పిల్లవాడికి తెలుగు రాదనుకునేరు! గలగలా మాట్లాడతాడు. అన్నం, నీళ్ళు, బడి, కోపం అన్నీ తెలుగులోనే. రానివి గెనం మీది పేర్లు, సంతలోని పేర్లు, చుట్టరికపు పేర్లలో కొన్ని. ఇందులో తప్పు ఒకరిది కాదు. మా ముసలివారు ఇల్లు కదలకుండానే మూడు జిల్లాల వారయినారు. 1965 దాకా సేలం, ఆ తరువాత ధర్మపురి, 2004 నుండి కృష్ణగిరి. మేము చదివిన రోజులలో తెలుగు బడి ఉన్నది, పలక ఉన్నది, పలకాకు ఉన్నది. 2006లో చేసిన చట్టం ప్రకారం తమిళం ఒకటవ తరగతి నుండి ఏడాదికొక మెట్టు చొప్పున తప్పనిసరి అయినది. ఉన్న ఊరి భాష నేర్చుకోవడం మంచిదే, మేమందరము నేర్చుకున్నవారమే, తమిళం లేకుండా హోసూరులో మాకు ఒక్కపూట గడవదు. బెంగుళూరు పోయినవారి పిల్లలకు కన్నడం, ఇంగ్లీషు. బడిలో చోటు చాలనప్పుడు తెలుగుకు మిగిలినది ఇల్లే. ఇంట్లోనేమో గాయపాకు పెరగదు. పలక పోయిన నాడే పలకాకు అనే పేరు సగం పోయినది. తలకాయ ఎగురగొట్టే ఆట పోతే రావణుడూ పోతాడు, తాతా పోతాడు. అప్పుడు పువ్వు మటుకు గెనం మీద ఉండి, పేరు లేనిదై ఉంటుంది.

ఆ ఉండడం కూడా ఎంతకాలమో! మా వైపు గెనాల మీద ఇప్పుడు గడ్డిమందు కొడుతున్నారు. కూలీలు దొరకని రైతును తప్పు పట్టడానికి మాకు నోరు రాదు. మా తోటలోనూ రెండేళ్ళు కొట్టించినాము, ఒప్పుకుంటున్నాము. మందు కొట్టిన గెనం పది రోజులకు గోధుమరంగు తిరిగి, వాన పడగానే మొట్టమొదట లేచినది వయ్యారిభామ. గాయపాకు గోడవారన మాత్రం మిగిలినది. అత్తగారి చేతులు పొక్కినాక ఆ మందు మానిపించి కొడవలికే తిరిగి వచ్చినాము. ఖర్చు కొంచెం ఎక్కువే అవుతున్నది.

సంక్రాంతికి మనవడు మళ్ళీ వచ్చినప్పుడు అత్తగారు వాణ్ణి చెయ్యి పట్టుకుని గోడవారకు తీసుకుపోయినారు, లేక వాడే ఆవిడను తీసుకుపోయినాడు అనవలె. ఆవిడకు చూపు లేదు గనుక వాడు ఒక్కొక్క ఆకు తుంచి చేతికిచ్చినాడు, ఆవిడ వ్రేళ్ళతో తడిమి, ముక్కు దగ్గర పెట్టుకుని పేరు చెప్పినారు. గరుకుగా ఉన్నది గాయపాకు. ఊదాపూలది సహదేవి. నీళ్ళ కాలువ దగ్గరిది గుంటగలగర, “ఇది నూనెలో కాచేది, తలకు”. వయ్యారిభామను మాత్రం దూరం నుండే చూపించమన్నారు. వాడు తన నోటుపుస్తకంలో తెలుగు, తమిళం, కన్నడం మూడు వరుసలు గీసుకున్నాడు. కన్నడం వరుస తోటమాలి నింపినాడు. తెలుగు వరుసలో ఆవిడ చెప్పినవి పదకొండు పేర్లు. వాటిలో రెండు మాకూ తెలియవు. ఆట కూడా నేర్పినారు, ఎనభై మూడేళ్ళ బొటనవ్రేలు మీటితే పువ్వు తల గోడ మీద పడినది. వాడు ఎగురగొట్టినది ఎవరి తల అని అడిగితే “రెండూ” అన్నాడు.

ఆ పుస్తకంలో ఖాళీ గడులు చాలా మిగిలినాయి. పాఠకులలో డెంకణికోట, వేపనపల్లి, బర్గూరు, బేరికె వైపువారు మీ యింట ఈ పువ్వును ఏమని పిలుస్తారో, ఏ ఆట ఆడేవారో ఒక కార్డు ముక్క మీద వ్రాసి సంఘానికి పంపండి. పెద్దలు చెబుతుండగా పిల్లల చేత వ్రాయిస్తే మరీ సంతోషం, అక్షరాలు వంకరపోయినా ఫరవాలేదు. వచ్చినవన్నీ ఈ శీర్షికలోనే అచ్చు వేస్తాము. మేనకోడలికి కూడా ఒక ప్రతి పోవలసి ఉన్నది.